క్యాసెట్ ఊదిన నోటితో కొన్ని మాటలు

1994లో తెనాలి రైల్వే స్టేషన్ దగ్గర నాకో వీడియో గేముల కొట్టు ఉండేది. నాలుగు పోర్టబుల్ టీవీలు, నాలుగు చైనా డబ్బాలు, ఎవరూ ఎత్తుకుపోకుండా బల్లకు తాడుతో కట్టేసిన రిమోట్లు. గంటకు ఐదు రూపాయలు. క్యాసెట్ పనిచేయకపోతే బయటికి లాగి, నోటితో ఊది, మళ్లీ గుచ్చడమే నా పనిలో సగం. తర్వాత ఆ కొట్టే నెట్ సెంటరయింది, ఆ తర్వాత కంప్యూటర్ రిపేరు షాపయింది. ఇప్పుడక్కడ మందుల షాపుంది, అద్దె మాత్రం నాకొస్తుంది.

సంక్రాంతికి మా చెల్లెలి కొడుకు హైదరాబాదు నుంచి వచ్చాడు, చంకలో సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్. "మావయ్యా, పాత గేములన్నీ ఇందులో ఆడాలి. ఏ ఎమ్యులేటర్ బెస్టో ఒక్క పేరు చెప్పు చాలు" అన్నాడు. ఒక్క పేరుతో పోయేదైతే భోగి రోజునే చెప్పేసేవాణ్ణి. కనుమ దాకా వాడితో కూర్చోవాల్సొచ్చింది. అప్పుడు చెప్పినవీ, చెబుతుంటే నాకు గుర్తొచ్చినవీ రాసిపెడుతున్నాను.

1. ముందు డబ్బా పేరు చెప్పు

వీడియో ప్లేయర్ ఒకటుంటే అన్ని సినిమాలూ ఆడతాయి. గేముల సంగతి అలా కాదు. గేమ్ అంటే ఒకానొక యంత్రం కోసం రాసిన ఆదేశాల చిట్టా. ఆ యంత్రంలో ఏ ప్రోసెసరుంది, బొమ్మ గీసే చిప్పు ఏ లెక్కన గీస్తుంది, సౌండు ఎక్కణ్ణుంచి వస్తుంది, ఇవన్నీ తెలిసి రాసిన చిట్టా అది. ఎమ్యులేటర్ చేసే పని ఆ యంత్రం వేషం కట్టడం. 1983లో జపాన్లో వచ్చిన నింటెండో ఫ్యామికామ్ (నా కొట్టులోని చైనా డబ్బాలు దీని నకళ్లే) వేగం 1.79 మెగాహెర్ట్జ్, దాని సొంత మెమరీ 2 కిలోబైట్లు. 1994 నాటి ప్లేస్టేషన్ వేగం సుమారు 34 మెగాహెర్ట్జ్, మెమరీ 2 మెగాబైట్లు. ఒకటి రిక్షా, ఇంకోటి లారీ. రెండిటికీ ఒకే డ్రైవరు కావాలంటే కుదరదు.

అందుకే మావాడికి ముందో కాగితం ఇచ్చి, ఏయే డబ్బాల గేములు కావాలో రాయమన్నాను. రాశాక చూస్తే ఐదే తేలాయి. ఫ్యామికామ్‌కు మెసెన్, గేమ్ బాయ్ అడ్వాన్స్‌కు ఎంజీబీఏ, మొదటి ప్లేస్టేషన్‌కు డక్‌స్టేషన్, ప్లేస్టేషన్ 2కు పీసీఎస్‌ఎక్స్2, పీఎస్పీకి పీపీఎస్‌ఎస్‌పీపీ. ఇవి నా ఎంపికలు, ఎందుకో ముందు ముందు చెబుతాను.

"అన్నీ ఒకదాంట్లోనే ఉండే రెట్రోఆర్చ్ ఉందిగా మావయ్యా" అన్నాడు. ఉంది. అది మెస్సులో స్టీలు ప్లేటు లాంటిది, గుంటలు చాలా ఉంటాయి. ఆ గుంటల్లో పడే కూరలు మాత్రం వేరే వాళ్లు వండినవే. వాటిని కోర్లు అంటారు. ప్లేటు బాగుందని కూర బాగుంటుందని లేదు. పైగా దాని సెట్టింగుల్లోకి దిగితే బయటపడడానికి ఒక పూట పడుతుంది. ఐదు డబ్బాల వాడికి ఐదు విడి ఎమ్యులేటర్లే సుఖం. ఇరవై డబ్బాలు సేకరించే పిచ్చి ఉన్నవాడికి రెట్రోఆర్చ్.

2. పగటివేషగాళ్లలో రెండు రకాలు

మా చిన్నప్పుడు ఊళ్లోకి పగటివేషగాళ్లు వచ్చేవాళ్లు. ఒకడు పోలీసు వేషంలో వచ్చి నాలుగు కేకలేసి, పది నిమిషాల్లో అందర్నీ నవ్వించి బియ్యం పట్టుకుపోయేవాడు. బూట్లు చూస్తే రబ్బరు చెప్పులు. ఇంకొకడు అమీను వేషం కడితే, నిజంగా జప్తుకొచ్చాడనుకుని మా తాత బీరువా తాళాలు దాచాడట.

ఎమ్యులేటర్లలో ఈ రెండు రకాలూ ఉన్నాయి. మొదటి రకం యంత్రం లోపలి చిప్పులన్నిటినీ అనుకరించదు. గేమ్ ఏం అడుగుతోందో గ్రహించి, ఆ పనిని మన కంప్యూటర్ పద్ధతిలో చేసి పెడుతుంది. 1999 జనవరిలో వచ్చిన అల్ట్రాహెచ్ఎల్ఈ అలాంటిది. నింటెండో 64 డబ్బా ఇంకా షాపుల్లో అమ్ముడవుతుండగానే, సూపర్ మారియో 64ను పెంటియం 2 కంప్యూటర్లో, వూడూ గ్రాఫిక్స్ కార్డు మీద ఆడించింది. అది నడిపించింది కొద్ది గేములనే. అయినా పోలీసు కేక మాత్రం గట్టిగా వేసింది.

రెండో రకం ప్రతి చిప్పునూ, ఆ చిప్పు కొట్టే ప్రతి టిక్కునూ లెక్కగడుతుంది. కంప్యూటర్‌కు చాకిరీ ఎక్కువ, తప్పులు తక్కువ.

మొదటి రకాన్ని తీసిపారేయకూడదు. నేను ఆడినవాటిలో అన్నిటికంటే తక్కువ తలనొప్పి ఇచ్చిన పీపీఎస్‌ఎస్‌పీపీ చాలావరకు ఆ పద్ధతిదే. 2012 నవంబరులో వచ్చింది. పీఎస్పీ లోపలి సిస్టమ్ సాఫ్ట్‌వేర్ చేసే పనుల్ని తనే రాసుకుంది కాబట్టి ఆ సాఫ్ట్‌వేర్ నకలు, అంటే బయోస్ ఫైలు కూడా అడగదు. మామూలు ఫోన్లో కూడా పరుగెత్తుతుంది. వేషం ఏ రకమని కాదు, ఎంత శ్రద్ధగా కట్టారని చూడాలి.

3. వేగాన్ని చూసి మురిసిపోవద్దు

ఈ పాఠం నాకు బాగా ఆలస్యంగా వచ్చింది, అందుకే కాస్త ఎక్కువ చెబుతాను.

1997 ఏప్రిల్లో ఫ్యామికామ్ గేములకు నెస్టికల్ అని ఒకటి వచ్చింది. మన కొట్టు గేములన్నీ అందులో ఉరికేవి. అప్పటికి నా దగ్గర ఉన్నది పాత పెంటియం డబ్బా. అందులో మారియో నిలబడి ఆడుతుంటే నాలుగు టీవీలూ అమ్మేద్దామా అనిపించింది. ఏ స్థితిలోనైనా గేమును అక్కడే భద్రపరచుకోవచ్చు, ఆడిన ఆటను రికార్డు చేసుకోవచ్చు. సౌండు కొన్నిచోట్ల బొంగురుగా వచ్చేది, కొన్ని బొమ్మలు ఉండాల్సినచోట ఉండేవి కావు. ఎవడు పట్టించుకున్నాడు?

సూపర్ నింటెండోకు అదే కాలంలో జెడ్ఎస్‌నెస్ వచ్చింది. దాన్ని చాలావరకు అసెంబ్లీ భాషలో, అంటే ప్రోసెసర్ సొంత భాషలో రాశారు. అందుకే అంత చురుకు. ఏళ్లకేళ్లు నెట్ సెంటర్లలో అదే రాజు. దానితో వచ్చిన చిక్కు నాకు తర్వాత తెలిసింది. దాని తప్పులకు జనం ఎంతగా అలవాటుపడ్డారంటే, పాత గేముల్లో మార్పులు చేసి కొత్త స్థాయిలు కట్టేవాళ్లు కూడా తమ పనిని అందులోనే పరీక్షించుకునేవారు. అందులో ఆడి, అసలు డబ్బాలో ఆడనివి కొన్ని తయారయ్యాయి. నకలును చూసి నకలు రాస్తే అంతే.

2004లో బియు అనే కలం పేరుతో ఒకాయన సూపర్ నింటెండోకే బీస్‌నెస్ మొదలుపెట్టాడు. అసలు డబ్బా ప్రోసెసర్ వేగం ఎంత గట్టిగా నడిచినా 3.58 మెగాహెర్ట్జ్. దాన్ని ఉన్నదున్నట్టు అనుకరించడానికి ఆయన ఎమ్యులేటర్ అడిగింది 3 గిగాహెర్ట్జ్ దరిదాపుల్లో నడిచే ప్రోసెసర్‌ను. ఎనిమిది వందల రెట్లకు పైమాటే. అప్పట్లో నేను నవ్వాను. చీమను మోయడానికి ఏనుగా అని పక్క షాపతనితో అన్నాను కూడా.

నవ్వు ఎక్కడ ఆగిందంటే, రెండు గేముల దగ్గర. స్పీడీ గొంజాలెస్ పేరున ఎలుక గేమ్ ఒకటుంది. అందులో 6-1 స్థాయిలో ఒక మీట తొక్కితే దారి తెరుచుకోవాలి. పాత ఎమ్యులేటర్లలో ఆ మీట ఎంత తొక్కినా పనిచేయదు. కారణమేమిటంటే, గేము రాసినవాళ్ల కోడు ఆ చోట మెమరీలో ఏమీ లేని చిరునామాను చదువుతుంది. నిజమైన డబ్బాలో ఖాళీ చిరునామా చదివితే, అంతకుముందు తీగల మీద మిగిలిపోయిన విలువే తిరిగొస్తుంది. పాత ఎమ్యులేటర్లు అక్కడ వేరే విలువ ఇచ్చేవి. అంతే, ఆట అక్కడితో సమాప్తం. రెండోది ఎయిర్ స్ట్రైక్ పెట్రోల్. ఆ విమానం కింద నేలమీద నీడ ఉంటుంది. టీవీ తెర మీద ఒక అడ్డగీత సగం గీసేలోపే సెట్టింగు మార్చి ఆ నీడను పుట్టించారు. గీతను ఒక్క దెబ్బలో గీసేసే ఎమ్యులేటర్లో నీడ మాయం. నీడ లేకపోతే బాంబు ఎక్కడ పడుతుందో గురి అందదు.

వేల గేముల్లో ఇలాంటివి ఏ కొన్నో. కానీ ఆ కొన్నింటిలో మన గేము ఉందో లేదో ఆడేదాకా తెలియదు. ఎక్కువ గంటలు ఆడాకే తెలుస్తుంది, అది ఇంకా ఘోరం. అందుకే ఇప్పుడు ఎవరడిగినా నా మాట ఒకటే: నీ కంప్యూటర్ మోయగలిగినంతలో అన్నిటికంటే కచ్చితమైనది పెట్టుకో. ఫ్యామికామ్‌కు మెసెన్ చెప్పింది అందుకే. ఈనాటి ఏ ల్యాప్‌టాప్‌కైనా అది బరువు కాదు.

బీస్‌నెస్ రాసిన ఆయన 2021లో పోయారు. ఆయన పని మీద ఇంకా ఇతరులు కట్టుకుంటూ వస్తున్నారు.

4. ఇష్టమైన గేముతో పరీక్ష పెట్టొద్దు

మారియో ఆడితే ఎమ్యులేటర్ మంచిదని తేల్చేస్తారు. మారియోను ఆడించలేని ఎమ్యులేటర్ ఈ భూమ్మీద లేదు. పెళ్లిచూపుల్లో ఉప్మా తిని వంట తేల్చినట్టే ఇది. రెండు ఎమ్యులేటర్లను పోల్చాలంటే ఒకే గేము, ఒకే చోటు, ఒకే రిమోట్. తెర మొత్తం కదిలేచోటు, పేలుళ్లు ఎక్కువగా ఉండేచోటు, పాట మారేచోటు చూడు. కళ్లు మూసుకుని ఒకసారి విను. బొమ్మ తప్పును కన్ను క్షమిస్తుంది, సౌండు పగిలితే చెవి పట్టేస్తుంది.

5. ముస్తఫా కథ

ఇది డబ్బా కాదు, కాయిన్ మెషీను. అయినా చెప్పకుండా ఉండలేను. క్యాప్‌కామ్ 1993లో తీసిన క్యాడిలాక్స్ అండ్ డైనోసార్స్ అసలు పేరుతో మన దగ్గర ఎవడికీ తెలియదు. అందులో టోపీ పెట్టుకున్న ముస్తఫా ఉన్నాడు కాబట్టి అది ముస్తఫా గేమ్. ప్రేమదేశం సినిమాలో ముస్తఫా పాట ఊరంతా మోగుతున్న రోజుల్లో ఆ పేరు ఇంకా అతుక్కుపోయింది. నా నెట్ సెంటర్‌కు మెయిలు చూసుకోవడానికి వచ్చిన కుర్రాళ్లకంటే ముస్తఫాకు వచ్చినవాళ్లే ఎక్కువ.

కాయిన్ మెషీన్లకు మేమ్ అనే ఎమ్యులేటర్ పెద్ద దిక్కు. నికోలా సల్మోరియా అనే ఇటలీ ఆయన 1997 ఫిబ్రవరిలో మొదలుపెట్టాడు. దాని ఉద్దేశం మనల్ని ఆడించడం కాదు, పాత యంత్రాలు ఎలా పనిచేశాయో చెరిగిపోకుండా రాసిపెట్టడం. ఆడగలగడం అందులో పుట్టిన లాభం. ఈ సంగతి తెలియక నేను చాలా తిట్టుకున్నాను. మేమ్ కొత్త వెర్షన్ వేయగానే నిన్నటిదాకా ఆడిన ముస్తఫా ఫైళ్లు తప్పులని చూపేది. కారణం, ఒక చిప్పు నుంచి ఇంకా సరైన నకలు దొరికితే వాళ్లు జాబితా మార్చేస్తారు. ఫైళ్ల సెట్టూ మేమ్ వెర్షనూ జోడీగా ఉండాలి. జోడీ కుదిరిందా, ఇక ముట్టుకోవద్దు. వెర్షన్ నంబరు కాగితం మీద రాసి మానిటర్‌కు అంటించేవాణ్ణి.

6. సేవ్ రెండుచోట్ల చెయ్యి

దీనికి నేను రుసుము కట్టాను. గేమ్ బాయ్ అడ్వాన్స్ గేమ్, పోకెమాన్ ఫైర్ రెడ్. అప్పటికి మా కొట్టుకొచ్చే పదో తరగతి కుర్రాడొకడు వేసవి సెలవులంతా రోజుకో గంట కూర్చుని ఆడాడు. ఆఖరి నలుగుర్ని ఓడించే దాకా వచ్చాడు. నెలన్నర. అప్పుడు వాడుతున్నది విజువల్‌బాయ్ అడ్వాన్స్. నెలన్నరా ఎమ్యులేటర్లో షిఫ్ట్, ఎఫ్1 కలిపి నొక్కి భద్రపరచడమే తప్ప, గేమ్ మెనూలో ఉన్న సేవ్ ఎన్నడూ ముట్టలేదు. ఆ రోజు మొదటిసారి గేమ్‌లో సేవ్ కొట్టాడు, పడలేదు. గేమును మళ్లీ మొదట్నుంచి తెరిస్తే, క్యాసెట్‌లో 1 మెగాబిట్ సర్క్యూట్ బోర్డు లేదని తెరమీద వచ్చింది.

బోర్డు లేకపోవడం ఏమిటి, అసలు క్యాసెట్టే లేదు కదా అని ఇద్దరం తెల్లమొహాలు వేశాం. తర్వాత తెలిసింది, గేమ్ బాయ్ అడ్వాన్స్ క్యాసెట్లలో సేవ్ చేసే చిప్పులు రకరకాలు, సైజులు కూడా వేరు. ఈ గేముకు 128 కిలోబైట్ల ఫ్లాష్ చిప్పు కావాలి. ఎమ్యులేటర్ 64 కిలోబైట్లదని అనుకుంటోంది. సెట్టింగుల్లో ఒక చిన్న టిక్కు మారిస్తే అయిపోయేది. మాకు తెలియక, ఎఫ్1 సేవ్ ఉందిగా అనుకుని వదిలేశాం. వారం తర్వాత నేనే ఆ కంప్యూటర్లో ఎమ్యులేటర్ కొత్త వెర్షన్ వేశాను. పాత ఎఫ్1 ఫైలు తెరుచుకోలేదు.

షిఫ్ట్, ఎఫ్1తో చేసేది స్టేట్ సేవ్. ఆ క్షణంలో ఎమ్యులేటర్ కడుపులో ఉన్నదంతా ఫోటో తీసినట్టు. వేరే ఎమ్యులేటర్‌కు ఆ ఫోటో అర్థం కాదు, ఒక్కోసారి అదే ఎమ్యులేటర్ తర్వాతి వెర్షన్‌కూ అర్థం కాదు. గేమ్ మెనూలోంచి చేసే సేవ్ క్యాసెట్ చిప్పులోకి వెళ్లినట్టు వేరే ఫైల్లోకి వెళుతుంది. దాన్ని ఎక్కడికైనా మోసుకుపోవచ్చు. ఎంజీబీఏ అంటే నాకు ఇష్టం పుట్టడానికి సగం కారణం, చిప్పు రకాన్ని తనే పసిగడుతుంది. తెనాలిలో వేసవి కరెంటు కోతలు చూసినవాడిగా స్టేట్ సేవ్‌ను తిట్టను. రెండూ చెయ్యమంటాను.

ఆ కుర్రాడు మళ్లీ మా కొట్టుకు రాలేదు. నెలన్నర డబ్బులు తిరిగిస్తానని కబురు పంపాను. దానికీ రాలేదు.

7. ప్లేస్టేషన్: ప్లగిన్ల వంట నుంచి ఒక్క ఫైలు దాకా

1999లో ప్లేస్టేషన్ వేషం అంగట్లో అమ్మకానికొచ్చింది. కనెక్టిక్స్ వాళ్ల వర్చువల్ గేమ్ స్టేషన్‌ను ఆపిల్ మ్యాక్ కోసం జనవరిలో శాన్ ఫ్రాన్సిస్కోలో స్టీవ్ జాబ్స్ ప్రసంగ సభలోనే చూపించారు. ఆ ఏడాదే బ్లీమ్ విండోస్‌కు వచ్చింది. సోనీ ఇద్దరి మీదా కోర్టుకెక్కింది. కనెక్టిక్స్ కేసులో అమెరికా తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ల కోర్టు 2000 ఫిబ్రవరిలో చెప్పింది ముఖ్యమైన మాట. యంత్రం ఎలా పనిచేస్తుందో తెలుసుకోవడానికి దాని బయోస్‌ను మధ్యలో నకలు తీసుకుని చదవడం న్యాయమైన వాడకమేనని. సోనీ తర్వాత ఆ సరుకును కొనేసి ఆపేసింది. బ్లీమ్ కోర్టుల్లో నిలబడింది కానీ లాయర్ల ఖర్చులకు నిలబడలేక 2001లో మూతపడింది. కేసు గెలిచినవాడు ఇంట్లో ఏడుస్తాడని మన పెద్దలు ఊరికే అనలేదు.

ఆ తర్వాత చాలా ఏళ్లు ఈపీఎస్‌ఎక్స్ఈ. దాన్ని వాడటం వంట చేయడమే. బొమ్మకు ఒక ప్లగిన్, సౌండుకు ఒకటి, సీడీకి ఒకటి, రిమోట్‌కు ఒకటి. పీట్ అనే ఆయన రాసిన గ్రాఫిక్స్ ప్లగిన్లో ఒక్కో గేముకు ఒక్కో టిక్కు. ఉప్పు సరిపోతే పులుపు ఎక్కువ. ఇప్పుడు డక్‌స్టేషన్లో ఆ తంటా లేదు. అన్నీ ఒకే ప్రోగ్రాంలో ఉంటాయి. బయోస్ మాత్రం, అరమెగాబైటు ఫైలు, నీ సొంత ప్లేస్టేషన్ నుంచి తీసుకోవాలి.

డక్‌స్టేషన్‌కు నేను మార్కులు వేసేది ఇంకో దానికి. పాత ప్లేస్టేషన్ గేముల్లో గోడలు, నేల వణుకుతున్నట్టు కనిపిస్తాయి. చిన్న టీవీలో తెలిసేది కాదు, పెద్ద తెర మీద పెడితే కళ్లు తిరుగుతాయి. ఆ యంత్రం త్రీడీ బొమ్మ మూలల్ని తెరమీద పెట్టేటప్పుడు భిన్నాలు వదిలేసి పూర్ణాంకాలకు సర్దేస్తుంది. అందుకని మూల నెమ్మదిగా జరగదు, గెంతుతుంది. పీజీఎక్స్‌పీ అనే సెట్టింగు ఆ వదిలేసిన భిన్నాల్ని గుర్తుపెట్టుకుని వణుకు తగ్గిస్తుంది. కచ్చితమే ముఖ్యమన్న నేను దీన్నెలా మెచ్చుకుంటున్నానని మావాడు పట్టుకున్నాడు. నిజమే. కచ్చితంగా ఉండగలిగినవాడు కావాలని సడలించడం వేరు, చేతకాక తప్పడం వేరు. మెడ్నాఫెన్ అనే ఇంకో ఎమ్యులేటర్ పక్షం వాళ్లు ఇంత సడలింపు కూడా వద్దంటారు. వాళ్లతో వాదించను.

8. ప్లేస్టేషన్ 2, మన హైదరాబాదు హనుమంతుడు

ఇక్కడ పోటీ పెద్దగా లేదు. పీసీఎస్‌ఎక్స్2నే. 2000ల మొదట్లో పుట్టి, పాకి, లేచి, 2024లో 2.0 వెర్షన్ దాకా వచ్చింది. ఆ డబ్బాలో ప్రధాన ప్రోసెసర్ పక్కన రెండు లెక్కల యంత్రాలున్నాయి. అందరూ ఒకేసారి పనిచేస్తూ ఒకరికొకరు అందించుకుంటారు, కోతల కాలంలో ముఠా పనిలాగా. ఆ లయ తప్పకుండా పట్టుకోవాలంటే మన ప్రోసెసర్లో ఎన్ని కోర్లున్నాయని కాదు, ఒక్కో కోరు ఎంత గట్టిదని చూడాలి. ఎనిమిది కోర్లున్న నీరసం ప్రోసెసర్‌కంటే నాలుగు గట్టి కోర్లు మేలు. మావాడి ల్యాప్‌టాప్ ఇక్కడే చతికిలబడింది. బొమ్మ సైజు పెంచే సెట్టింగును అసలు సైజుకు తెస్తే కాస్త ఊపిరి పీల్చుకుంది. అది గ్రాఫిక్స్ చిప్పు మీద బరువు. అప్పటికీ కట్ సీన్లలో సౌండు సాగితే మాత్రం ప్రోసెసర్ మీద బరువు. ఏది ఎక్కడ బరువో తెలియకుండా సెట్టింగులు తిప్పితే రాత్రి తెల్లారుతుంది.

మావాడికి ఒక డిస్కు చూపించాను. హనుమాన్: బాయ్ వారియర్. 2009లో ప్లేస్టేషన్ 2కు వచ్చింది, చేసింది హైదరాబాదులో, అరోనా టెక్నాలజీస్ వాళ్లు. మన దేశంలో తయారై ఆ డబ్బాకు వచ్చిన గేముల్లో ముందు వరసలోది. హైదరాబాదుదే గేమ్‌శాస్త్ర సంస్థ మన వీధి ఆటలతో దేశీ అడ్డా అని ఇంకోటి తీసింది. ఆట గొప్పగా ఉందా అంటే, గాడ్ ఆఫ్ వార్ ఆడిన చేతికి చప్పగానే ఉంటుంది. కానీ నా ప్లేస్టేషన్ 2 లెన్సు పోయి చాలా కాలమైంది. బాగుచేసేవాడు దొరకలేదు. దొరికిన ఒకడు లెన్సు మార్చానని డబ్బు తీసుకుని పాతదే తుడిచి పెట్టాడు. ఇక ఆ డిస్కు తెరుచుకునే దారి కంప్యూటర్ ఒక్కటే. డీవీడీ డ్రైవులో పెట్టి నకలు ఫైలు తీసి, అటకమీది పాత డబ్బా నుంచి ఎప్పుడో తీసుకున్న బయోస్‌తో నడిపించాం. చిన్ని హనుమంతుడు గదతో గెంతుతుంటే మావాడు "ఇది మన దగ్గర చేశారా?" అని మూడుసార్లు అడిగాడు.

9. వేలికీ తెరకూ మధ్య

బటన్ నొక్కాక తెరమీద కదలిక రావడానికి పట్టే సమయం. పాత టీవీలో అది ఉందని కూడా మనకు తెలియదు. ఇప్పుడు యూఎస్‌బీ రిమోట్, విండోస్, ఎమ్యులేటర్, ఎల్‌సీడీ తెర, ఒక్కోటీ కాస్త కాస్త తింటుంది. ఒక ఫ్రేము అంటే సెకనులో అరవయ్యో వంతు, సుమారు 17 మిల్లీసెకన్లు. మూడు నాలుగు ఫ్రేములు పోతే మారియో గుంతలో పడతాడు, పిల్లాడు నీకు చేతకాదంటాడు. టీవీకి తగిలిస్తే ముందు గేమ్ మోడ్ పెట్టు. రెట్రోఆర్చ్‌లో ఉన్న రన్-ఎహెడ్ అనేది గేమును లోపల ఒకటి రెండు ఫ్రేములు ముందుకు నడిపి ఆ ఫలితాన్నే చూపిస్తుంది. రెట్రోఆర్చ్ గురించి పైన అన్నదాన్లో ఈ ఒక్క విషయంలో వెనక్కి తగ్గుతాను.

10. ఎక్కడ దించుకుంటున్నావో చూడు

ఎమ్యులేటర్ రాసినవాళ్ల సొంత సైటు నుంచే. వెతికితే ముందొచ్చే సైటు అసలుది కాకపోవచ్చు. ఒకసారి అలా తెచ్చిన సెటప్ ఫైలు నా ఆరు కంప్యూటర్లనూ వారం పాటు పడుకోబెట్టింది. ఇక గేముల సంగతి. మా నెట్ సెంటర్ రోజుల్లో సీడీలన్నీ దొంగవే, ఇప్పుడు శుద్ధులు చెప్పే ముఖం నాకు లేదు. కానీ గాలి మారింది. నింటెండో స్విచ్ డబ్బాకు వేషం కట్టిన యూజు అనే ఎమ్యులేటర్ మీద నింటెండో 2024 ఫిబ్రవరిలో కేసు వేస్తే, వారం రోజుల్లో 24 లక్షల డాలర్లకు రాజీపడి దుకాణం కట్టేశారు. వాళ్లదే అయిన ఇంకో ఎమ్యులేటర్ సిట్రా కూడా పోయింది. అదే ఏడాది అక్టోబరులో స్విచ్ వేషమే కట్టిన ర్యూజింక్స్ ఆగిపోయింది. ఇంకా అమ్ముడవుతున్న డబ్బాల జోలికి పోవద్దని మావాడికి గట్టిగా చెప్పాను. ఉన్నవి ఆడటానికే జీవితం చాలదు.

11. మన మారియో నెమ్మదివాడు

కనుమ సాయంత్రం మావాడు మెసెన్లో మారియో పెట్టాడు. వంటింట్లోంచి వాళ్లమ్మ, అంటే మా చెల్లెలు, చేతులు తుడుచుకుంటూ వచ్చింది. నా కొట్టు తెరిచిన కొత్తల్లో మధ్యాహ్నం పూట నేను భోజనానికి వెళితే కొట్టు చూసుకున్నది అదే. ఎవరూ లేకపోతే ఆడేది. నాకంటే బాగా ఆడేది. రిమోట్ తీసుకుంది. మొదటి గుంతలోనే పడింది. మళ్లీ పడింది. "ఇది మన మారియో కాదన్నయ్యా, ఎవరో తరుముతున్నట్టు పరిగెడుతున్నాడు" అంది. మావాడు నవ్వి, ఇన్నేళ్లకి చెయ్యి మర్చిపోయి ఉంటావులే అమ్మా అన్నాడు.

నాకు మాత్రం పాట మీద అనుమానమొచ్చింది. పాట కూడా తరుముతోంది.

ఆ రోజుల్లో జపాన్, అమెరికా టీవీలు సెకనుకు 60 బొమ్మల లెక్క. మన దేశానిది పాల్ పద్ధతి, 50. మన చైనా డబ్బాలు మన టీవీలకు తగ్గట్టు 50కి తయారయ్యాయి. లోపలి గేమ్ మాత్రం 60కి రాసింది, ఎవరూ మార్చలేదు. మారియో గెంతు ఎన్ని ఫ్రేములో అన్నే ఫ్రేములు, ఒక్కో ఫ్రేము నెమ్మదిగా వస్తుంది. దాంతో ఆట మొత్తం ఆరో వంతు నెమ్మది. పాట స్థాయి దాదాపు అదే, నడక మాత్రం నిదానం. యూరప్‌లో నింటెండో అధికారికంగా అమ్మిన డబ్బా కూడా 50దే, కానీ దాని ప్రోసెసర్ వేగం వేరు, మారియో గేమును వాళ్లు ఆ లెక్కకు సర్ది అమ్మారు. మన దగ్గరికొచ్చినవాటికి ఆ సర్దుబాటు లేదు. రష్యాలో ఇలాంటి నకలు డబ్బా ఒకటి డెండీ పేరుతో ఇంటింటికీ వెళ్లింది. అందుకే ఎమ్యులేటర్లలో ఈ లెక్కకు ఆ పేరే పెట్టారు.

మెసెన్ సెట్టింగుల్లో రీజియన్ అని ఉంటుంది. ఆటో, ఎన్టీఎస్సీ, పాల్, డెండీ. డెండీ పెట్టాను. ఎఫ్‌సీఈయూఎక్స్‌లో కూడా ఉంది. పాత జెడ్ఎస్‌నెస్ కాలంవాళ్లకు ఇది అవసరమన్న ఊహే లేదు. కచ్చితమంటే అమెరికా డబ్బాకు కచ్చితమనే అందరం అనుకున్నాం, నాతో సహా. మెసెన్‌ను ఇన్నాళ్లు మెచ్చుకుంటూ నేనే ఆ మెనూ తెరవలేదు.

పాట మొదలైంది, తెనాలి స్టేషన్ పక్కన వినిపించిన నడకలో. మా చెల్లెలు నేలమీద చాపేసుకుని కూర్చుంది. మొదటి గుంత దాటింది, చివరిదాకా పోయి జెండా కర్ర కొసన పట్టుకుంది. పొయ్యిమీద పులుసు మాడుతోందని మావాడు రెండుసార్లు అరిచాడు.

"ఉండరా, ఇంకొక్క లెవెలు" అంది.